డాక్యుమెంటరీకి తెలుగు మాట: దస్తావేజా, సాక్ష్యమా?

విజయవాడ సభ్యుడు:
అమెరికన్ దర్శకుడు రాబర్ట్ ఫ్లాహర్టీ సినిమాల ప్రదర్శన కోసం కరపత్రం రాస్తున్నాను. డాక్యుమెంటరీ అనకుండా ‘దస్తావేజు చిత్రం’ అని రాసి గవర్నర్‌పేటలో అచ్చుకు ఇచ్చాను. అక్షరాలు కూర్చే కుర్రాడు చదివి, “ఎవరి స్థలం తగాదా అండీ ఇది?” అన్నాడు. కాగితం వెనక్కి తెచ్చుకున్నాను. వేరే మాట ఏదైనా ఉందా?

గుంటూరు సభ్యుడు:
కుర్రాడి తప్పేమీ లేదు. దస్తావేజు మన దగ్గర స్టాంపు కాగితానికి అతుక్కుపోయింది. తమిళుల ‘ఆవణప్పడం’ కూడా అదే అర్థం, వాళ్లకు చెల్లింది. హిందీవారి ‘వృత్తచిత్రం’ తెస్తే ఉత్పలమాలలో తీశారనుకుంటారు. ఇక కొందరు ‘లఘుచిత్రం’ అంటుంటే నాకు ఒళ్లు మండుతుంది. అది నిడివిని బట్టి పెట్టిన పేరు. ఆనంద్ పట్వర్ధన్ డాక్యుమెంటరీ ‘జై భీమ్ కామ్రేడ్’ మూడు గంటల పైమాటే, అదీ లఘువేనా? కన్నడిగుల ‘సాక్ష్యచిత్రం’ తీసుకోండి. సమాసం కుదిరింది, అర్థం కుదిరింది.

విజయవాడ సభ్యుడు:
మాస్టారూ, ఫ్లాహర్టీ విషయంలో సాక్ష్యం అనడానికే జంకుతున్నాను. ఖనిజాల వేటకు కెనడా ఉత్తరానికి వెళ్లి కెమెరా పట్టిన మనిషి. 1916లో సిగరెట్టు నిప్పు పడి, తీసిన ఫిల్ము నెగటివ్ అంతా తగలబడింది. మళ్లీ వెళ్లి తీసిందే 1922 నాటి ‘నానూక్ ఆఫ్ ది నార్త్’. నటులు కాని అక్కడి స్థానికులతో నెలల తరబడి ఉండి, తీసినది అక్కడే కడిగి వాళ్లకే వేసి చూపించేవాడు. అంతవరకు బాగుంది. కానీ మంచు ఇంట్లో కెమెరాకు వెలుతురు చాలక, ఒక పక్క గోడ లేని సగం ఇల్లు కట్టించాడు. అప్పటికే తుపాకులు వాడుతున్నవాళ్ల చేత బల్లేలతో వేటాడించాడు. నానూక్‌గా కనిపించే హీరో అసలు పేరు అల్లకరియల్లక్. 1934లో ‘మ్యాన్ ఆఫ్ ఆరన్’ తీసినప్పుడైతే, ఐర్లండ్ పక్కనున్న ఆరన్ దీవులవాళ్లు ఎప్పుడో మానేసిన సొరచేపల వేటను మళ్లీ నేర్పించాల్సి వచ్చింది. పైగా తర్వాత బ్రిటన్‌లో డాక్యుమెంటరీ ఉద్యమం నడిపిన జాన్ గ్రియర్సన్ 1926లో సమీక్ష రాస్తూ ‘డాక్యుమెంటరీ’ విలువ ఉందని మెచ్చుకున్నది ఈయన తీసిన ‘మోవానా’నే!

గుంటూరు సభ్యుడు:
సాక్షి కూడా తనకు తోచిన వరుసలోనే చెబుతాడు కదండీ.

విజయవాడ సభ్యుడు:
కోర్టులో అయితే అవతలి లాయరు నిలదీస్తాడు. తెర ముందు కూర్చున్నవాడికి ఆ వీలు లేదు.

మరో సభ్యురాలు, గుంటూరు:
మా చిన్నప్పుడు సినిమాకు ముందు ప్రభుత్వ సంస్థ ఫిల్మ్స్ డివిజన్ వారు ఏం చూపించినా అందరికీ అది ‘న్యూస్ రీలే’. “న్యూస్ రీల్ అయిపోయిందా?” అని అడిగి, సోడా తాగడం ముగించి లోపలికి వచ్చేవారు. ఇప్పుడు డాక్యుమెంటరీకి, డాక్యుమెంటరీలో, డాక్యుమెంటరీలు అని విభక్తులు, బహువచనం అన్నీ తగిలించుకుని తిరుగుతున్న మాటను పరాయిది అనడం ఎందుకు?

విజయవాడ సభ్యుడు:
సరే, ‘డాక్యుమెంటరీ’ అనే అచ్చుకు ఇస్తున్నాను. సగం ఇంటి సంగతి కరపత్రం వెనక వేయిస్తాను. ఇంతకీ ‘నానూక్’లో ‘నూ’కు దీర్ఘం ఉంచమంటారా?