అరటి, కొబ్బరి పోగా ఖాళీ నేల ఎంత? భిన్నాల లెక్కలో సందేహం

ప్రశ్న (రావులపాలెం దగ్గరి పల్లె నుంచి ఒక తల్లి):
మాస్టారికి నమస్కారం. మా అమ్మాయి ఆరో తరగతి చదువుతోంది. భిన్నాలను అంకెల్లో ఇస్తే క.సా.గు. తీసి చక్కగా కూడే పిల్ల, అదే లెక్కను మాటల్లో ఇచ్చేసరికి ఆ పద్ధతే మరచిపోతోంది. నిన్నటి లెక్క ఇది: "2 1/2 ఎకరాల తోటలో 3/4 ఎకరంలో అరటి, 1 1/3 ఎకరాల్లో కొబ్బరి ఉన్నాయి. ఖాళీ నేల ఎంత?" అమ్మాయి 1 1/3ను 4/3గా మార్చి, 3/4 + 4/3 = 7/7, అంటే 1 ఎకరం అని వేసి, 1 1/2 ఎకరాలు ఖాళీ అని రాసింది. తప్పని నాకు తెలిసింది కానీ, ఎందుకు తప్పో పిల్లకు చెప్పలేకపోయాను.

సమాధానం (విశ్రాంత లెక్కల ఉపాధ్యాయుడు, అమలాపురం):
అమ్మా, ముందు ఆ పాపను ఒకే మాట అడగండి. కొబ్బరి ఒక్కటే ఎకరం దాటి ఉండగా, దానికి అరటి కూడా కలిపితే మొత్తం ఒక్క ఎకరమే ఎలా అవుతుంది? తన జవాబును తనే అనుమానించడం పిల్లలకు అలవాటైతే సగం తప్పులు అక్కడే దొరికిపోతాయి.

ఇక కారణం. హారం ముక్క ఎంత పెద్దదో చెబుతుంది, లవం అలాంటి ముక్కలు ఎన్నో చెబుతుంది. ముక్కలు ఒకే కొలతలో లేనప్పుడు వాటిని కలిపి లెక్కపెట్టలేము. నేను తరగతిలో కొబ్బరి ఈనెలను 12 అంగుళాల పొడవున తుంచి, ఒక్కో పుల్లను ఒక్కో ఎకరం అనుకోమనేవాణ్ణి. అరటికి 9 అంగుళాలు, కొబ్బరికి ఒక నిండు పుల్ల, మరో 4 అంగుళాలు కలిసి 16. రెండూ వరుసగా పేరిస్తే 25. తోట మొత్తం రెండు నిండు పుల్లలు, మరో సగం, అంటే 30 అంగుళాలు. పక్కపక్కన పెట్టి చూస్తే 5 అంగుళాలు మిగులుతాయి. పుల్లకు 12 అంగుళాలు కాబట్టి ఖాళీ నేల 5/12 ఎకరం. 2, 3, 4ల క.సా.గు. 12 కావడం వల్లనే ఆ పొడవు పనికివచ్చింది. ఎకరానికి 100 సెంట్లు కాబట్టి సరిచూడడమూ తేలికే: 250లో అరటి 75, కొబ్బరి 133కు కాస్త పైన పోగా దాదాపు 42 సెంట్లు మిగులుతాయి.

మళ్లీ ప్రశ్న:
పుల్లలతో పాపకు వెంటనే అర్థమైందండీ. అయితే "పొలంలో సగం వరి, మిగిలినదానిలో 1/3 వంతు కూరగాయలు వేశారు. ఇంకా మిగిలింది ఎంత?" అన్న లెక్కలో 1/2, 1/3 కూడి, 1/6 వంతు మిగిలిందని చెప్పింది. క.సా.గు. సరిగానే తీసింది.

సమాధానం:
ఇక్కడ కూడిక తప్పు కాదమ్మా, చదవడం తప్పు. "1/3 ఎకరం" అంటే కచ్చితమైన కొలత, "1/3 వంతు" అంటే దేనిలోనో ఒక భాగం. అందువల్ల "వంతు" కనిపించిన ప్రతిచోటా "దేనిలో?" అని పెన్సిలుతో పక్కన రాయించండి. ఈ లెక్కలో అది మిగిలిన సగంలో 1/3 వంతు, అంటే పొలం మొత్తంలో 1/6 వంతు. 1/2 + 1/6 = 4/6, తగ్గిస్తే 2/3; కాబట్టి మిగిలింది 1/3 వంతు. పాప నమ్మకపోతే పొలం 3 ఎకరాలనుకోమనండి: వరి 1 1/2, కూరగాయలు 1/2, మిగిలింది 1 ఎకరం.