మన కామెడీ సినిమాల వ్యంగ్యం ఎవరికి తగులుతోంది?

లంకకుర్రోడు:
పండక్కి ఇంటిల్లిపాదీ కూర్చుని 'అహ నా పెళ్లంట' (1987) మళ్లీ చూశాం. కోడిని పైనుంచి వేలాడదీసుకుని, దాన్ని చూస్తూ పిసినారి లక్ష్మీపతి వేషంలో కోట శ్రీనివాసరావు ఉత్త అన్నం తింటుంటే మా పెద్దనాన్న పొట్ట పట్టుకుని నవ్వాడు. కొబ్బరి దింపుకొచ్చినవాళ్లకి ఆయన పోయించే టీలో పాలు పడతాయా లేదా అన్నది మా ఊళ్లో ఇప్పటికీ తేలలేదు. అందుకే అంటున్నా, వ్యంగ్యం తగలాల్సినవాడికి తగలదు. పక్కింటోడి గురించి అనుకుని నవ్వేసి లేచిపోతాడు.

పూతరేకు:
తగలకపోతే పేరెందుకు పడుతుంది? మా వీధిలో ఒకాయన్ని ఆ సినిమా వచ్చిన దగ్గర్నుంచి లక్ష్మీపతి అంటారు. అంతకుముందు ఆయన్ని ఏమన్నా అనాలంటే భయం, ఊరికి అప్పులిచ్చే మనిషి మరి. పేరు దొరికాక చిన్నపిల్లలు కూడా అనేశారు. ఆ సినిమా తీసిన జంధ్యాలది మన నరసాపురమే, వెటకారం ఎక్కడ గిల్లుతుందో ఆయనకి తెలుసు.

గట్టుమీద కాకి:
పిసినారిని ఎవరైనా వెక్కిరిస్తారండీ, ఖర్చులేని పని. కట్నం సంగతి చెప్పండి. 'పెళ్లి చేసి చూడు' 1952లోనే వచ్చింది. అందులో కట్నం ముట్టలేదని పెళ్లికొడుకు తండ్రి వేసిన దొరస్వామి కొడుకుని వెంటబెట్టుకుని పోతాడు. జనం విరగబడి నవ్వారు. 1961లో వరకట్న నిషేధ చట్టం కూడా వచ్చింది. అయినా మా కోనసీమలో సంబంధం మాట్లాడితే ముందు కొబ్బరితోట ఎన్నెకరాలనే అడుగుతారు. కాకపోతే ఇప్పుడు కట్నం అనరు, 'అమ్మాయి పేరున ఏం రాస్తున్నారు' అంటారు.

ఇంకోటి. కామెడీ ట్రాకుల్లో దెబ్బలు తినేదెవరు? నత్తివాడు, లావుపాటావిడ, పాలేరు. ఆ పాలేరు నోట మన గోదావరి యాసలో 'ఆయ్' అనిపిస్తే చాలు, హాల్లో నవ్వులు. దాన్ని వ్యంగ్యమంటే నేనొప్పుకోను.

సైకిల్‌బెల్:
మన యాస పాలేర్లకే ఇవ్వలేదండోయ్. 'ముత్యాల ముగ్గు' (1975) కామెడీ సినిమా కాదు గానీ, అందులో ఆ యాస పలికింది కంట్రాక్టర్ వేషం వేసిన రావు గోపాలరావు. డబ్బు చేసినవాడి డాబంతా ఆ మాటల్లోనే బయటపడుతుంది.

గట్టుమీద కాకి:
నిజమేనండీ. కానీ ఆ ఒక్క కంట్రాక్టర్‌కి ఎంతమంది పాలేర్లు?

లంకకుర్రోడు:
ఇదంతా పెద్దనాన్నకి చదివి వినిపించా. శ్రద్ధగా విని, "అచ్చం మన ఎదురింటాయనే రా" అన్నాడు.