ఫోన్‌లో, ట్యాబ్‌లో గేమ్‌లు ఎవరి కంటా పడకుండా ఉంచడం ఎలా?

లెవెల్140:
ఆండ్రాయిడ్ 15 ఫోన్ ఒకటి, ఐప్యాడ్ ఒకటి ఉన్నాయి. ఐప్యాడ్ అందరి చేతుల్లోనూ తిరుగుతుంది, పాస్‌కోడ్ కూడా అందరికీ తెలుసు. ఫోన్ నా ఒక్కరిదే గానీ ఫొటోలు చూస్తామంటూ ఎవరో ఒకరు తీసుకుంటూనే ఉంటారు. వీటిలో ఉన్న మూడు గేమ్‌లు ఎవరికీ కనిపించకూడదు. ఐకాన్లను ఫోల్డర్‌లో పెట్టి చివరి పేజీకి తోసినా లాభం లేదు. సెర్చ్‌లో మొదటి అక్షరం కొట్టగానే బయటపడుతున్నాయి. పైగా "ఎనర్జీ నిండింది, రండి" అని లాక్ స్క్రీన్ మీదే నోటిఫికేషన్.

ఇంకో చిక్కు: ఫోన్‌లో ఒక గేమ్ గెస్ట్ అకౌంట్‌తోనే (అంటే లాగిన్ అవకుండానే) 140వ లెవెల్ దాకా వచ్చింది, అది పోకూడదు. కాలిక్యులేటర్‌లా కనిపించే వాల్ట్ యాప్‌లు వాడొచ్చా?

తాళంకప్ప:
ముందు ఫోన్ సంగతి. ఆండ్రాయిడ్ 15లో ప్రైవేట్ స్పేస్ అని, యాప్‌లను విడిగా తాళం వేసి దాచుకునే చోటు ఒకటి ఉంది, మీకు కావలసింది అదే. (శాంసంగ్ అయితే దాని దారి వేరు, ఇది దాటేయండి.) సెట్టింగ్స్‌లో సెక్యూరిటీ అండ్ ప్రైవసీ తెరిస్తే ప్రైవేట్ స్పేస్ కనిపిస్తుంది. సెటప్‌లో తాళం ఎలా ఉండాలో అడుగుతుంది. అక్కడ ఫోన్ లాక్‌నే వాడమని చెప్పకండి, కొత్త పిన్ పెట్టండి. ఫోన్ పిన్ ఇంకొకరికి తెలిసి ఉంటే అదే పిన్‌తో ఇదీ తెరుచుకుంటుంది, అప్పుడు ఇంత శ్రమా దండగే.

తర్వాత అదే పేజీలో "హైడ్ ప్రైవేట్ స్పేస్" ఆన్ చేయండి. లేకపోతే యాప్ డ్రాయర్ (యాప్‌లన్నీ కనిపించే జాబితా) అడుగున తాళం గుర్తుతో ఒక పట్టీ కనిపిస్తూనే ఉంటుంది, చూసినవాళ్లు "ఇదేంటి?" అని అడక్క మానరు. దాచాక తెరవాలంటే డ్రాయర్ సెర్చ్‌లో ప్రైవేట్ స్పేస్ అని టైప్ చేయాలి.

ఎక్కువమంది దెబ్బతినేది ఇక్కడే: ప్రైవేట్ స్పేస్‌లోకి యాప్‌ను జరపడం అంటూ ఉండదు. అది విడి ప్రొఫైల్, లోపల కొత్తగా ఇన్‌స్టాల్ చేయాలి, బయటి సేవ్ దాంతోపాటు రాదు. గెస్ట్ అకౌంట్ వివరాలు బయటి కాపీలోనే ఉంటాయి. దాన్ని తీసేస్తే ఆట కూడా పోయినట్టే. కాబట్టి వరుస తప్పకండి.

1. బయటి గేమ్ తెరిచి, గేమ్ సెట్టింగ్స్‌లో అకౌంట్ లింక్ చేయండి. గేమ్ కంపెనీ సొంత లాగిన్ ఉంటే అదే ఎంచుకోండి, ప్లే గేమ్స్ (గూగుల్ గేమ్‌ల సర్వీస్) లింక్ వద్దు. ఎందుకో కింద చెప్తా.
2. ప్రైవేట్ స్పేస్ లోపలి ప్లే స్టోర్ నుంచి అదే గేమ్ ఇన్‌స్టాల్ చేయండి. బయటిది అలాగే ఉండనివ్వండి, రెండు కాపీలూ ఒకే ఫోన్‌లో ఉండొచ్చు.
3. లోపల లాగిన్ అయి, 140వ లెవెల్ కనిపించిందా, కొన్న నాణేలు, వస్తువులు ఉన్నాయా చూడండి.
4. కనిపించాకే బయటిది అన్‌ఇన్‌స్టాల్ చేయండి.

లాగిన్ అన్న మాటే లేని, ఆఫ్‌లైన్‌లో మాత్రమే సేవ్ అయ్యే గేమ్ అయితే దాన్ని లోపలికి తేవడానికి మామూలు దారి లేదు. దాన్ని బయటే ఉంచి నోటిఫికేషన్లు ఆపేయండి.

ఇక అకౌంట్. లోపల కొత్త గూగుల్ అకౌంట్ పెట్టుకోండి. పాత అకౌంటే పెడితే డౌన్‌లోడ్ చేసిన గేమ్‌ల చిట్టా, వాటిని బట్టి వచ్చే సిఫార్సులు బయటి ప్లే స్టోర్‌లోకీ వస్తాయి. ఐకాన్ దాగింది గానీ చిట్టా దాగలేదన్నమాట. మరి కొత్త అకౌంట్ పెడితే ప్లే గేమ్స్‌కు కట్టిన ప్రోగ్రెస్ రాదు, డబ్బు పెట్టి కొన్న గేమ్ కూడా కొన్న అకౌంట్‌తోనే ఉండిపోతుంది. గేమ్ కంపెనీ లాగిన్ వాడమన్నది అందుకే.

తాళం ఎప్పుడు పడాలో కూడా ఎంచుకోవచ్చు: ఫోన్ లాక్ అయిన ప్రతిసారీ, స్క్రీన్ ఆగిన 5 నిమిషాలకు, లేదా రీస్టార్ట్ అయ్యాకే. మొదటిది పెట్టండి. తాళం పడగానే లోపలి యాప్‌లు పూర్తిగా ఆగిపోతాయి, కాబట్టి ఎనర్జీ నోటిఫికేషన్ బెడద ఉండదు. కాకపోతే పెద్ద అప్‌డేట్ దిగుతున్నప్పుడు ఫోన్ లాక్ అయితే అదీ మధ్యలో ఆగుతుంది. అప్‌డేట్ అయ్యేదాకా స్క్రీన్ వెలిగే ఉండాలి.

వాల్ట్ యాప్‌లు వద్దు. చాలావరకు ప్రకటనలతో నడిచేవే. యాక్సెసిబిలిటీ అనుమతి అడిగితే అక్కడే ఆపేయండి. అది ఇచ్చారంటే స్క్రీన్ మీద ఉన్నదంతా చదవగలవు. వాల్ట్‌ను తీసేస్తే లోపల పెట్టిన డేటా కూడా పోతుంది.

మీటనొక్కు:
తాళంకప్ప గారు చెప్పినదానికి ఒక్క మాట కలుపుతా. ఫొటోలు చూపించడానికి ఫోన్ ఇచ్చేటప్పుడు యాప్ పిన్నింగ్ వాడండి. సెక్యూరిటీ సెట్టింగ్స్‌లో ఆన్ చేసి, అన్‌పిన్ చేయడానికి పిన్ అడగాలన్న మీటను కూడా నొక్కండి. తర్వాత ఫొటోలు తెరిచి, రీసెంట్స్‌లో (ఇటీవల తెరిచిన యాప్‌ల తెర) ఆ యాప్ ఐకాన్ నొక్కి "పిన్" అంటే సరి. చేతిలోకి తీసుకున్నవాళ్లు ఆ యాప్ దాటి సులువుగా బయటికి రాలేరు.

ఐప్యాడ్‌కి వద్దాం. ఐప్యాడ్‌ఓఎస్ 18 లేదా ఆ పైది ఉంటే గేమ్ ఐకాన్ నొక్కిపట్టుకోండి. "రిక్వైర్ ఫేస్ ఐడీ" వస్తుంది, మోడల్‌ని బట్టి టచ్ ఐడీ అనో పాస్‌కోడ్ అనో ఉండొచ్చు. దాని వెనకే హైడ్ చేసే ఆప్షన్ ఉంటుంది. గేమ్ హోమ్ స్క్రీన్ నుంచి, సెర్చ్ నుంచి పోయి, యాప్ లైబ్రరీ అడుగున హిడెన్ ఫోల్డర్‌లో చేరుతుంది. నోటిఫికేషన్లు ఆగిపోతాయి. ఏమీ దాచకపోయినా ఆ ఫోల్డర్ అక్కడ ఉంటుంది కాబట్టి అది ఉన్నంత మాత్రాన అనుమానం రాదు.

కానీ మీ విషయంలో ఇది నిలవదు. ఆ ఫోల్డర్‌కి వేరే పాస్‌వర్డ్ పెట్టే వీలు లేదు. ముఖం, వేలు కుదరకపోతే ఐప్యాడ్ పాస్‌కోడే అడుగుతుంది, అదేమో అందరికీ తెలుసు. దొంగ చేతికి తాళంచెవి ఇచ్చినట్టే. టచ్ ఐడీలో ఇంకొకరి వేలు చేర్చి ఉన్నా అంతే. ఆండ్రాయిడ్ ట్యాబ్‌లో అయితే మనిషికొక యూజర్ పెట్టుకోవచ్చు, ఇంట్లో వాడే ఐప్యాడ్‌లో ఆ సౌకర్యం లేదు.

పాస్‌కోడ్ మార్చలేకపోతే సెట్టింగ్స్‌లో స్క్రీన్ టైమ్ (వాడకాన్ని చూసి, పరిమితులు పెట్టే చోటు) దారి ఉంది. దానికి వేరే 4 అంకెల కోడ్ పెట్టుకోవచ్చు. కంటెంట్ అండ్ ప్రైవసీ రిస్ట్రిక్షన్స్‌లో యాప్‌ల వయసు పరిమితిని 9+కి దించితే, అంతకన్నా పై రేటింగ్ ఉన్న గేమ్‌లు హోమ్ స్క్రీన్ నుంచి మాయమవుతాయి. డేటా ఎక్కడికీ పోదు. పరిమితి ఎత్తేస్తే తిరిగి వస్తాయి. ఇబ్బంది ఏంటంటే, ఆ రేటింగ్ దాటిన మిగతా యాప్‌లూ వాటితోపాటే మాయమవుతాయి. వీడియో యాప్ ఏమైందని అందరూ మిమ్మల్నే అడుగుతారు. తిరిగి వచ్చినప్పుడు పాత చోటే ఉంటాయన్న భరోసా కూడా లేదు, ఫోల్డర్లు చెదురుతాయి. మీ గేమ్‌కి రేటింగ్ 4+ ఉంటే ఇది అసలు పనికే రాదు.

నన్నడిగితే ఐప్యాడ్‌లో ఉన్నవి కూడా ఫోన్‌కే మార్చుకోండి.

లెవెల్140:
ఫోన్‌కే మారుస్తాను. లింక్ చేశాను, లోపలి కాపీలో 140 కనిపిస్తోంది, బయటిది ఇంకా తీయలేదు. ఐకాన్ పోయాక కూడా ఆట ఆనవాళ్లు ఎక్కడైనా మిగులుతాయా?

చిట్టాపద్దు:
చాలాచోట్ల మిగులుతాయి.

ప్లే గేమ్స్ ప్రొఫైల్ మొదట చూడండి. ఏ గేమ్ ఆడారో అందులో ఉంటుంది. ప్రైవసీ సెట్టింగ్‌లో "ఓన్లీ యూ" పెట్టండి. ఐప్యాడ్‌లో ఇదే పని సెట్టింగ్స్‌లోని గేమ్ సెంటర్‌లో, ప్రొఫైల్ ప్రైవసీ దగ్గర. ఫేస్‌బుక్‌తో లాగిన్ అయిన గేమ్ ఉంటే లీడర్‌బోర్డులో మీ పేరు, ఫొటో అక్కడి స్నేహితులకు కనిపించొచ్చు. ఆ లింక్ తెంపండి.

పాత అకౌంట్ ప్లే స్టోర్‌లో మేనేజ్ యాప్స్ అండ్ డివైస్, అందులో మేనేజ్ తెరిచి "ఇన్‌స్టాల్డ్"ని "నాట్ ఇన్‌స్టాల్డ్"కి మార్చండి. తీసేసిన గేమ్‌లన్నీ అక్కడ ఉంటాయి. టిక్ పెట్టి తొలగించండి. యాప్ స్టోర్‌లో కొనుగోళ్ల జాబితా తెరిచి, పేరును ఎడమవైపు జరిపితే హైడ్ వస్తుంది. ఫ్యామిలీ షేరింగ్‌లో ఉన్నవాళ్లు ఇది తప్పక చేయాలి. ఒకే ఆపిల్ అకౌంట్‌తో ఐఫోన్ కూడా ఉంటే, యాప్ స్టోర్ సెట్టింగ్స్‌లో ఆటోమేటిక్ డౌన్‌లోడ్స్ ఆపండి. లేకపోతే ఒకదానిలో వేసిన గేమ్ రెండోదానిలో తనంతట తానే దిగుతుంది.

డబ్బు పెట్టే ఆటైతే రసీదు చూసుకోండి. గూగుల్ ఫ్యామిలీ పేమెంట్ పద్ధతితో ఏది కొన్నా రసీదు ఫ్యామిలీ మేనేజర్‌కి వెళ్తుంది. ఆపిల్‌లో కొనుగోళ్లు షేర్ చేస్తుంటే బిల్లు ఆర్గనైజర్‌కి (ఫ్యామిలీ గ్రూపు నడిపేవారికి) పడుతుంది. ఆ ఒక్క మెయిల్ చాలు, గుట్టు రట్టవడానికి.

బ్యాటరీ వాడకం, స్క్రీన్ టైమ్ పేజీల్లో దాచిన గేమ్ పేరు ఐప్యాడ్‌లో కనిపించొచ్చు. 13 ఏళ్లలోపు పిల్లల అకౌంట్‌లో హైడ్ చేయడమే కుదరదు. 13 నుంచి 17 ఏళ్ల వాళ్లు దాచినా తల్లిదండ్రులకు స్క్రీన్ టైమ్‌లో తెలుస్తుంది. అది అలా ఉండటమే మంచిది. ఆఫీసు పూర్తిగా మేనేజ్ చేసే పరికరంలో అయితే ఇవేవీ నమ్ముకోవద్దు, యాప్‌ల జాబితా అడ్మిన్‌కి అందుతుంది.

తాళంకప్ప:
శాంసంగ్ వాళ్లు కూడా అడుగుతారు కాబట్టి: అక్కడ సెక్యూర్ ఫోల్డర్ వాడాలి, శాంసంగ్ అకౌంట్ కావాలి. హోమ్ స్క్రీన్ సెట్టింగ్స్‌లోని "హైడ్ యాప్స్" ఐకాన్‌ని మాత్రమే దాస్తుంది. నోటిఫికేషన్ వస్తూనే ఉంటుంది. గేమింగ్ హబ్‌లో (శాంసంగ్ గేమ్‌ల యాప్) ఆ గేమ్ ఉందేమో కూడా చూసుకోండి. షావోమీలో దాచిన యాప్‌లు యాప్ లాక్ సెట్టింగ్స్‌లో ఉంటాయి, హోమ్ స్క్రీన్ మీద రెండు వేళ్లు విడదీస్తే తెరుచుకుంటాయి.

లెవెల్140 గారూ, బయటి కాపీ తీసే ముందు ఇంకోటి. ప్రైవేట్ స్పేస్‌ను డిలీట్ చేస్తే లోపలివన్నీ పోతాయి, కొత్త ఫోన్‌కి మారినప్పుడు కూడా అది వెంట రాదు. లోపలి గూగుల్ అకౌంట్, గేమ్ లాగిన్ వివరాలు విడిగా రాసి పెట్టుకుని, అప్పుడు తీయండి.