పాత పీఎస్2 (ప్లేస్టేషన్ 2) గేమ్ కన్సోల్‌ను కొత్త టీవీకి కలిపితే బటన్లు ఆలస్యంగా పనిచేస్తున్నాయి. ఏం చేయాలి?

2007లో వచ్చిన ‘డ్రాగన్ బాల్ జీ: బుడోకాయ్ టెంకాయిచి 3’ అనే పోరాట ఆటను నేనూ మా తమ్ముడూ ఇప్పటికీ పీఎస్2లోనే ఆడుతాం. రూపాంతరాలన్నీ కలిపి 161 మంది యోధులున్నా వాడు మాత్రం ఎప్పుడూ వెజిటానే ఎంచుకుంటాడు! 2024లో ఇదే సిరీస్‌లో కొత్త ఆట ‘స్పార్కింగ్ జీరో’ వచ్చింది, బొమ్మలు బాగున్నాయి, కానీ మా చేతులు పాత ఆటకే అలవాటుపడ్డాయి.

ఈమధ్య మా డబ్బా టీవీ పాడైపోయింది. పసుపు, ఎరుపు, తెలుపు పిన్నులున్న పాత కేబుల్‌తోనే ఎల్ఈడీ టీవీకి కలిపాను. బొమ్మ మసకగా ఉంది, సరే, సర్దుకుంటాను. అసలు బాధ వేరు. దెబ్బ తగిలే క్షణంలో కంట్రోలర్‌పై సున్నా గుర్తున్న బటన్ నొక్కితే పాత్ర మాయమై శత్రువు వెనక తేలాలి. ఇప్పుడు నేను నొక్కేసరికే దెబ్బ తగిలిపోతోంది. ఇరవై సార్లు ప్రయత్నిస్తే రెండుసార్లు కుదిరింది. టీవీలో ఆలస్యం తగ్గించే ‘గేమ్ మోడ్’ సెట్టింగ్ పెట్టి చూశాను, కొంచెమే మెరుగు.

కాంపోనెంట్ కేబుల్ (బొమ్మను మూడు వేర్వేరు తీగల్లో పంపేది) కొంటే ఈ ఆలస్యం తగ్గుతుందా? చవకగా దొరికే హెచ్‌డీఎంఐ కన్వర్టర్లు ఎవరైనా వాడారా? లేక మళ్లీ ఒక పాత డబ్బా టీవీని వెతుక్కోవడమే నయమా? సంక్రాంతికి తమ్ముడు వచ్చేలోగా తేల్చుకోవాలి.