చెక్కపొట్టును విగ్రహంగా మార్చే యంత్రం: నా కథలో ఏది నమ్మదగినది?

ప్రశ్న (కథారచయిత్రి, ఏర్పేడు)

అందరికీ నమస్కారం. 2090 ప్రాంతంలో, మా మాధవమాల వంటి ఒక కొయ్యబొమ్మల ఊరిలో జరిగే కథ రాస్తున్నాను. అందులో 'రూపకర్త' అనే బీరువా అంత యంత్రం ఒకటి ఉంటుంది. మామిడి, చింత చెక్కపొట్టు అందులో పోసి, కావలసిన నమూనా చూపిస్తే, గంట తిరిగేసరికి ఎర్రచందనపు విగ్రహం బయటికి వస్తుంది. రెండో అధ్యాయంలో పొరుగింటాయన ఒక సీసపు ముద్ద తెచ్చి బంగారం చేసిపెట్టమంటాడు, యంత్రం చేసిపెడుతుంది. రాతప్రతి చదివిన స్నేహితురాలు మామిడిచెక్క చందనమైతే నమ్మింది కాని, సీసం బంగారమైన చోట చదవడం ఆపేసింది. నేటికి రెండూ మనకు చేతకానివే అయినప్పుడు ఒకటి నమ్మబుద్ధి కావడానికీ మరొకటి కాకపోవడానికీ కారణమేమిటి? మా నాన్నగారు ఉలి పట్టి మమ్మల్ని పెంచిన మనిషి. ఆయన పనిని తేలిగ్గా ఒక మాయపెట్టెకు అప్పగించానేమో అన్న బాధ కూడా నాకుంది, అందుకే అడుగుతున్నాను.

జవాబు 1 (భౌతికశాస్త్ర ఉపాధ్యాయుడు, చిత్తూరు)

అమ్మా, మీ స్నేహితురాలు సరైన చోటే ఆగారు. చెక్క ఏ చెట్టుదైనా అందులో ఉండేది దాదాపు అంతా కార్బన్, ఆక్సిజన్, హైడ్రోజనే. ఎర్రచందనం చేవకు ఆ రంగునిచ్చే శాంటలిన్‌లో ఉన్నవి కూడా ఆ మూడు మూలకాలే. అంటే మామిడిచెక్కకూ ఎర్రచందనానికీ ప్రధానమైన తేడా అణువుల కూర్పులో ఉంది కాని, పరమాణువుల జాతిలో లేదు. సీసం సంగతి వేరు. దాని కేంద్రకంలో 82 ప్రోటాన్లు ఉంటే బంగారంలో 79 ఉంటాయి కాబట్టి, పరమాణువులను ఎంత నేర్పుగా పేర్చినా సీసం సీసంగానే మిగులుతుంది, కేంద్రకాన్నే మార్చాలి. 1980లో గ్లెన్ సీబోర్గ్ అనే శాస్త్రవేత్త బృందం అమెరికాలోని బర్క్లీలో కణ త్వరణయంత్రంతో బిస్మత్‌ను బంగారంగా మార్చింది కాని, అక్కడ తయారైనది కంటికి ఆననంత కొద్ది. పేర్చే యంత్రానికి కేంద్రకాలను మార్చే పని కూడా అప్పగించడం వల్లే కథ అక్కడ తెగింది. పొరుగింటాయన సీసంతో వచ్చి, సీసంతోనే తిరిగి వెళ్లేలా రాయండి.

పేర్చడం మాత్రం సులువని కాదు. 1989లో ఐబీఎం అనే కంప్యూటర్ల సంస్థ శాస్త్రవేత్తలు నికెల్ ఉపరితలం మీద 35 జీనాన్ (ఒక వాయువు) పరమాణువులను సూదిమొనతో ఒక్కొక్కటిగా జరిపి తమ సంస్థ పేరు రాశారు. అది కూడా సున్నాకు దాదాపు 269 సెల్సియస్ డిగ్రీల దిగువన ఉండే చలిలో. మీ యంత్రంలో ఒకే సూదిమొన ఉండి, అది సెకనుకు ఒక పరమాణువును పేరుస్తుందనుకుంటే, 12 గ్రాముల కార్బన్‌ను పేర్చడానికి ఈ విశ్వం వయసుకు పది లక్షల రెట్లకు పైగా కాలం పడుతుంది. కనుక లెక్కకందనన్ని మొనలు ఒకేసారి పనిచేయాలి.

కథకు నిజంగా పనికొచ్చేది వేడి లెక్క. చెక్కలో ముఖ్యపదార్థమైన సెల్యులోజ్‌ను కిలో తీసుకుని, పరమాణువుల దాకా విడగొట్టడానికి ఎంత శక్తి కావాలో నేను లెక్క వేసి చూశాను. సుమారు 15 యూనిట్ల కరెంటు అవుతుంది. ఆ ఖర్చు పెద్దదేమీ కాదు. కాని ఆ పరమాణువులు మళ్లీ అతుక్కునేటప్పుడు అంత శక్తీ వేడిగా బయటికి వస్తుంది, అది 20 లీటర్ల నీటిని పూర్తిగా ఆవిరి చేయడానికి సరిపోతుంది. ఆ వేడిని ఎప్పటికప్పుడు లాగేయకపోతే విగ్రహం పెట్టెలోనే బొగ్గైపోతుంది. మీ యంత్రాన్ని బావి పక్కన పెట్టించండి. వేసవిలో స్వర్ణముఖి ఇసుకే తప్ప నీరు కనిపించని రోజుల్లో అది ఆగిపోవాలి. ఊరికి ఆ యంత్రం ఎంత ముఖ్యమో అప్పుడు పాఠకుడికి తెలుస్తుంది.

జవాబు 2 (కొయ్యబొమ్మల పనివాడు, శ్రీకాళహస్తి దగ్గర)

ఉపాధ్యాయులు గారు అంతా పరమాణువుల దాకా విడగొట్టి లెక్క చెప్పారు. అంత దూరం వెళ్లనక్కరలేదని నాకు అనిపిస్తోంది. చెక్క అంటే నార, ఆ నారను పట్టి ఉంచే జిగురు. జిగురును వదులు చేసి, నారను నారగానే ఉంచి, మళ్లీ పరిస్తే సరిపోదా?

ఇది ఎందుకు అడుగుతున్నానంటే, మేము దుంగ ముందు కూర్చుని మొదట చూసేది నార ఎటు సాగిందన్నదే. విగ్రహం వేళ్లు నార వెంబడి వచ్చేలా దుంగను తిప్పుకుని, ఆ తరువాతే బాడిస పడతాము. అడ్డనారలో చెక్కిన చిటికెనవేలు నునుపు చేసేటప్పుడే విరిగి చేతిలోకి వస్తుంది. నాకు అలా విరిగింది, నెల రోజుల పని పోయింది. మడిచిన మోచేయి ఉంటే కష్టం ఇంకా ఎక్కువ, ఎందుకంటే భుజం దగ్గర నార కలిసివస్తే ముంజేయి దగ్గర అడ్డం తిరుగుతుంది. చేతిని వేరే ముక్కగా చెక్కి అతికించడం తప్ప ఉలికి దారి లేదు. మీ యంత్రం మోచేయి వంపు వెంటే నారను వంచి పరచగలిగితే, అది ఏ శిల్పీ ఉలితో చేయలేని పని. అలాంటి యంత్రం వస్తే నేను మొట్టమొదట వెళ్లి నిలబడతాను. అయితే ఏ అవయవంలో నార ఎటు నడవాలో దానికి చెప్పేవాడు ఒకడు ఉండాలి. నమూనా బొమ్మలో పైరూపమే ఉంటుంది కదా, లోపలి నార ఉండదు.

ప్రశ్న అడిగినవారు

ఇద్దరికీ కృతజ్ఞతలు. ఉపాధ్యాయులు గారూ, నారను విడగొట్టకుండా జిగురును మాత్రమే వదులు చేస్తే వేడి తగ్గుతుందా?

జవాబు 1 (మళ్లీ)

చాలా తగ్గుతుంది, తెంచి అతికించవలసిన బంధాల సంఖ్య తగ్గుతుంది కాబట్టి. ఆ జిగురు పేరు లిగ్నిన్. అయితే మామిడినార మామిడినారగానే మిగులుతుంది. ఎర్రచందనమే కావాలంటే దాని బరువు, నీళ్లలో మునిగే ఆ గట్టిదనం రావాలి కాబట్టి, అక్కడ నా పాత లెక్క వైపే వెళ్లవలసి ఉంటుంది. శిల్పి గారు చెప్పిన పద్ధతినే కథకు తీసుకోండి.

ప్రశ్న అడిగినవారు

అయితే ఎర్రచందనాన్ని వదిలేస్తాను, విగ్రహం మామిడిచెక్కదే. బంగారం సన్నివేశాన్ని కొట్టేశాను. ఇప్పుడు రెండో అధ్యాయం బావి పక్కన మొదలవుతుంది. యంత్రం నమూనా చూసి మోచేయి దగ్గర ఆగిపోతుంది, తండ్రి తన ముంజేతిని మడిచి దాని ముందు పెట్టి, భుజం నుంచి మణికట్టు దాకా వేలితో ఒక గీత గీసి చూపిస్తాడు.