పంచాయతీ పర్మిషన్ దాటి నాలుగో స్లాబు: హైకోర్టులో రిట్టా, సివిల్ కోర్టులో దావానా?

గెట్టురాయి:
తెలంగాణలో గ్రామకంఠం (ఊళ్లో ఇళ్లకు కేటాయించిన భూమి) స్థలం, 340 గజాలు. పంచాయతీ ఇచ్చింది జీ ప్లస్ టూకి. ఇప్పుడు నాలుగో స్లాబుకు సెంట్రింగ్ కొడుతున్నారు. ప్లానులో పక్కింటివైపు నాలుగడుగుల ఖాళీ చూపించి అడుగున్నర వదిలారు. ఫిర్యాదు చేస్తే సెక్రటరీ 'ఇది గెట్టు తగాదా, కోర్టులో తేల్చుకోండి' అన్నారు. ఏ కోర్టుకు వెళ్లాలి?

తీర్మానాలపుస్తకం:
రిట్టే, అంటే అధికారులు తమ పని చేసేలా ఆదేశించమని హైకోర్టులో వేసే పిటిషన్. ప్లాను మీరితే ఆపాల్సింది పంచాయతీ. ఆపకపోతే 226 అధికరణ కింద హైకోర్టు ఆపమంటుంది. నోటిమాట ఫిర్యాదు మాత్రం పనికిరాదు. రాతపూర్వకంగా ఇచ్చి, తేదీతో ముద్ర వేయించుకోవాలి. టేపు పెట్టి తీసిన ఫొటోలు జతచేయాలి. ప్లాను నకలు ఆర్టీఐలో అడగండి, గ్రామస్థాయిలో దరఖాస్తు ఫీజు లేదు. జవాబుకు 30 రోజుల గడువు, స్లాబు అన్నాళ్లు ఆగదు కాబట్టి ఆ దరఖాస్తునే రిట్‌కు జతచేసి వెళ్లండి.

కొలతబద్ద:
రిట్‌లో మామూలుగా వచ్చే ఆర్డరేమిటి? 'ఇరుపక్షాలకు నోటీసిచ్చి, ఫిర్యాదును ఇన్ని వారాల్లో పరిష్కరించండి' అని. ఆలోపు స్లాబు పోసి, నీళ్లు కట్టి, సెంట్రింగ్ ఊడదీసేస్తారు. అడుగున్నరా, నాలుగడుగులా అన్నది హైకోర్టు కొలిచి చూడదు. సివిల్ కోర్టులో అయితే సివిల్ ప్రొసీజర్ కోడ్ (సీపీసీ) ఆర్డర్ 39 కింద తాత్కాలిక ఇంజంక్షన్ (పని ఆపమనే ఉత్తర్వు) తెచ్చుకోవచ్చు, ఆర్డర్ 26 రూల్ 9 కింద అడ్వొకేట్ కమిషనర్‌ను (స్థలం చూసి రిపోర్టివ్వడానికి కోర్టు పంపే లాయరు) వేయించి కొలిపించవచ్చు.

ఇబ్బందల్లా గ్రామకంఠంతోనే. ఊరంతా ఒకే సర్వే నంబరు, లోపల ఇంటింటికీ సబ్‌డివిజన్ ఉండదు. సర్వేయరొచ్చినా గెట్టు చూపించలేడు. పాత దస్తావేజుల చెక్కుబందీ (నాలుగు వైపుల హద్దుల వివరం), ఇంటిపన్ను రసీదులే దిక్కు. అవతలివాళ్లు హక్కునే కాదంటే ఒట్టి ఇంజంక్షన్ దావా నిలవదు, డిక్లరేషన్ (హక్కు మనదేనని కోర్టు ప్రకటన) కూడా కోరాలని సుప్రీంకోర్టు 2008లోనే చెప్పింది.

గెట్టురాయి:
పై అంతస్తుకూ పర్మిషన్ ఉందట. మాజీ సర్పంచ్ సంతకం, మూడేళ్ల కిందటి తేదీ.

తీర్మానాలపుస్తకం:
పాత తేదీ వేసిన కాగితాలు ప్రతి ఊళ్లోనూ పుడతాయి. రబ్బరు స్టాంపు చూసి నమ్మొద్దు. ఫీజు రసీదు నంబరు తీసుకుని, ఆ పుస్తకంలో దాని ముందువెనక రసీదుల తేదీలతో పోల్చండి. క్యాష్‌బుక్కులో ఆ మొత్తం పడిందా? ఆ నెల తీర్మానాల్లో ఉందా? ఇన్‌వర్డ్ రిజిస్టరులో దరఖాస్తు ఎక్కిందా? రసీదు పుస్తకం దగ్గరే ఎక్కువగా దొరికిపోతారు.

నిజానికి తేదీ అసలుదైనా లాభం లేదు. 2002 నాటి గ్రామ పంచాయతీ లేఅవుట్, భవన నియమాల ప్రకారం పంచాయతీ సొంతంగా ఇవ్వగలిగేది 300 చదరపు మీటర్ల స్థలం, 10 మీటర్ల ఎత్తు వరకే. ఆపైన డీటీసీపీ (రాష్ట్ర పట్టణ, గ్రామ ప్రణాళిక శాఖ) సాంకేతిక ఆమోదం కావాలి. 340 గజాలంటే 284 చదరపు మీటర్లు, అక్కడ ఇబ్బంది లేదు. ఎత్తు చూడండి: పునాది రెండడుగులు, మూడు అంతస్తులు పదేసి అడుగులు, మొత్తం 32 అడుగులు, అంటే 9.75 మీటర్లు. పునాది మూడడుగులు చేస్తేనే 10 దాటిపోతుంది. నాలుగో అంతస్తుకు సర్పంచ్ ఒక్కడే ఎలా ఇస్తాడు?

వాయిదాలరాయుడు:
కట్టేవాళ్ల వైపు నుంచీ ఒక మాట. స్లాబు పడ్డాక రాత్రికి రాత్రి జేసీబీ తెచ్చి కూల్చడం కుదరదు. 2024 నవంబరు 13న సుప్రీంకోర్టు ఇచ్చిన ఆదేశాల ప్రకారం షోకాజ్ నోటీసు రిజిస్టర్డ్ పోస్టులో పంపాలి, గోడకూ అంటించాలి, కనీసం 15 రోజులివ్వాలి. కూల్చమని ఆర్డరు వచ్చాక మళ్లీ 15 రోజులు. రోడ్డు, కాలిబాట, చెరువు మీద కట్టినవాటికి ఈ రక్షణ లేదు. పక్కవాళ్లు దావా వేస్తారనుకుంటే సీపీసీ 148ఎ కింద కేవియట్ (మా మాట వినకుండా ఉత్తర్వు ఇవ్వొద్దని ముందే కోర్టుకిచ్చే అర్జీ) వేసుకోవచ్చు, 90 రోజులు ఉంటుంది. అన్నట్టు, ఇంటిపన్ను కట్టించుకున్నారు కాబట్టి కట్టడం సక్రమమేనని వాదించే ప్లీడర్లు ఇంకా ఉన్నారు, పాపం.

కొలతబద్ద:
సరే, అంతస్తు సంగతి రిట్‌కే వదిలేస్తాను. గెట్టు సంగతి మాత్రం దావాలోనే. రెండూ వేస్తే, దావా ఉన్నట్టు రిట్ అఫిడవిట్‌లో రాయండి. దాచారని తేలితే కేసు బలంతో పనిలేకుండా రిట్ కొట్టేస్తారు.