అక్క కూతురిని పనికి పంపమంటున్నారు, ఎలా ఆపాలి?

మాది దేవరకొండ దగ్గర పల్లె. అక్క కూతురికి పదహారేళ్లు, మొన్ననే పదో తరగతి అయిపోయింది. ఒక పెళ్లిలో పరిచయమైన ఆవిడ హైదరాబాద్‌లో బట్టల దుకాణంలో పని ఇప్పిస్తానంటోంది. నెలకు 15 వేలట. బోరు అప్పు కట్టుకోమని అప్పుడే అక్క చేతిలో 20 వేలు పెట్టింది. ఏ దుకాణం అంటే చెప్పదు. నిన్న ఆధార్ కార్డు, నిలువెత్తు ఫోటో కావాలంది. ఫోటో కోసం తనే కొత్త చుడీదార్ కొనిచ్చింది. అది చూసినప్పటి నుంచి నాకు కంటి మీద కునుకు లేదు. పిల్ల బతుకుకు అడ్డుపడుతున్నానని అక్క కోపం. సోమవారం ప్రయాణం.

అచ్చంపేట నుంచి, రిటైర్డ్ టీచర్:
అమ్మా, మీ భయం ఉత్తది కాదు. పాలమూరు వలసలు చూసినవాళ్లం, మేస్త్రీ దగ్గర అడ్వాన్సు తీసుకున్నాక మాట మనది కాదని తెలుసు. నా తరగతిలో మూడో బెంచీ పిల్ల ఇలాగే వెళ్లింది. రిజిస్టరులో నెల రోజులు గైర్హాజరు వేస్తూ పోయానే తప్ప ఇంటికి వెళ్లి అడగలేదు. ఆ బాధ ఇంకా పోలేదు. అక్కతో గొడవ వద్దు. "నేనూ వచ్చి దుకాణం చూస్తాను" అని ఆవిడతో అనండి. ఏమంటుందో అక్కనే విననివ్వండి.

నల్గొండ నుంచి, పిల్లల రక్షణ కార్యకర్త:
సోమవారం దాకా ఆగకండి, ఈ రోజే పిల్లల హెల్ప్‌లైన్ 1098కి ఫోన్ చేయండి. రాత్రయినా పలుకుతారు. బస్సెక్కించారని తెలిస్తే అత్యవసర నంబరు 112కి. తల్లి ఒప్పుకుంది, పిల్లకూ ఇష్టమే అని ఎవరన్నా తగ్గకండి. భారతీయ న్యాయ సంహిత 143వ సెక్షన్ ప్రకారం మనుషుల అక్రమ రవాణాలో బాధితుల సమ్మతి చెల్లదు. 18 ఏళ్లలోపు పిల్లలైతే శిక్ష పదేళ్లకు తగ్గదు. ఒకవేళ పిల్ల కనిపించకుండా పోతే, రెండు రోజులు చూద్దామన్నా ఠాణా నుంచి కదలకండి. వెంటనే కేసు నమోదు చేయాలని 2013లోనే సుప్రీంకోర్టు చెప్పింది. పిల్లను తిట్టకుండా విడిగా కూర్చోబెట్టుకుని అడగండి. ఫోనులోని సందేశాలు చెరిపేయనివ్వకండి.

అడిగినావిడ:
సార్ చెప్పినట్టే అన్నాను. "ఇద్దరికి గది లేదు" అని ఫోను పెట్టేసింది. అక్క చాలాసేపు పొయ్యి ముందు నుంచి లేవలేదు. రాత్రి పిల్ల నా పక్కన పడుకుని, "అమ్మకు చెప్పకుండా ఇంకో ఫోటో పంపమంది చిన్నమ్మా" అంది. పంపలేదట. 1098కి అంతా చెప్పాను, రేపు వస్తామన్నారు. ఆధార్ కార్డు మా ఇంట్లో బియ్యం డబ్బాలో దాచాను.